నేను లేనన్నారు

నేనొక ఫైలును. నైరోబీలో పుట్టాను. తెల్లదొరల సచివాలయంలో ఎవరో గుమాస్తా అట్ట తొడిగి, తాడు బిగించి, నంబరు వేశాడు. ఫైళ్ళన్నీ అలాగే పుడతాయి గనక ఆ సంగతి వదిలేద్దాం. నా పొట్టలో పడిన కాగితాలు మాత్రం అందరికీ ఉండేవి కావు. 1952లో తెల్లదొరల పాలన మీద లేచిన మౌ మౌ తిరుగుబాటును అణచడానికి కెన్యాలో అత్యవసర పరిస్థితి పెట్టి, కికుయు తెగ జనాన్ని ముళ్ళకంచెల శిబిరాల్లోకి తోలారు. అక్కడ ఎవర్ని ఎలా కొట్టారో, ఎవరి అనుమతితో కొట్టారో రాసి భద్రం చేశారు. ఖైదీల ఒంటి మీద ఎక్కడెక్కడ కొట్టకూడదో సాక్షాత్తూ అటార్నీ జనరలే 1957లో గవర్నరుకు రాశాడు. దొరలకు రాతకోతల మీద అంత మోజు!

స్వాతంత్ర్యం దగ్గరపడేసరికి ఆ మోజు కాస్తా భయమైంది. సర్కారుకు తలవంపులు తెచ్చే కాగితమేదీ కొత్త ప్రభుత్వం చేతికి చిక్కకూడదని 1961లో లండన్ నుంచి ఉత్తర్వు వచ్చింది. రహస్య ఫైళ్ళకు ‘డబ్ల్యు’ ముద్ర వేశారు. ఐరోపా సంతతి బ్రిటిష్ అధికారులు తప్ప ఇంకెవరూ వాటిని ముట్టుకోకూడదు; మాకూ మడి కట్టారన్నమాట. కాల్చినవాటి బూడిదను సైతం పొడి చేయాలని, సముద్రంలో పారేసేవాటికి బరువులు కట్టి ఒడ్డుకు దూరంగా, లోతున ముంచాలని సూచనలు. నా తోడివాళ్ళు ఎందరు అలా పోయారో! నన్నెందుకో వదిలేశారు. 1963 డిసెంబరు 12న జెండా మారేలోగా పెట్టెలో కుక్కి ఇంగ్లండ్ చేర్చారు.

కాల్చేసి ఉంటే ఒక్కసారికే పోయేది. మొదట హేయెస్ గోదాములో, ఆనక లండన్‌కు యాభై మైళ్ళ దూరంలోని హాన్‌స్లోప్ పార్కు అనే కాపలా ఆవరణలో పడున్నాను. నేను బ్రిటన్ దస్త్రాన్నా, కెన్యా దస్త్రాన్నా? ఎవరూ తేల్చలేదు. కెన్యా 1967లోనే మమ్మల్ని ఇమ్మని అడిగితే కుదరదన్నారు. పోనీ వాళ్ళయినా చదువుకున్నారా అంటే అదీ లేదు. అధికారులు బదిలీ అయ్యారు, రిటైరయ్యారు, నా సంగతి తెలిసినవాళ్ళు తగ్గిపోయారు. పత్రాలయం జాబితాలో పేరు లేని ఫైలు కోసం ఎవరు వస్తారు?

ఒకావిడ వచ్చారు, నా దాకా కాకపోయినా. కరోలైన్ ఎల్కిన్స్. హార్వర్డ్‌లో పరిశోధన మొదలుపెట్టినప్పుడు, శిబిరాలు ఖైదీలను సంస్కరించాయన్న సర్కారు కథనే రాయబోయారు. లెక్క కుదరలేదు. నిర్బంధించింది 80,000 మందినని సర్కారే ఒప్పుకుంది. ఒక్కొక్కరి మీద మూడు శాఖలు ఫైళ్ళు పెట్టాయి. అంటే 2,40,000 ఉండాలి. ఆవిడకు దొరికినవి కొన్ని వందలు! దాంతో కెన్యా పల్లెలకు వెళ్ళి, శిబిరాల నుంచి బతికి బయటపడ్డ సుమారు 300 మంది నోట విన్నారు. 2005లో పుస్తకం వచ్చింది, మరుసటేడు పులిట్జర్ బహుమతీ వచ్చింది. తిట్లూ వచ్చాయి. ముసలివాళ్ళ జ్ఞాపకాలు చరిత్ర ఎలా అవుతాయన్నారు కొందరు పండితులు. చావుల అంకె పెంచారన్న అభ్యంతరంలో పస లేకపోలేదు. జనాభా లెక్కల నిపుణుడి అంచనా ఆవిడ అంకెకు చాలా తక్కువ. కానీ రుజువు కాగితాలేవని గద్దించినప్పుడు మాత్రం నాకు ఒళ్ళు మండింది. ఆ కాగితాన్ని నేనే కదా!

2009లో శిబిరాల బాధితులు లండన్ కోర్టులో కేసు వేశారు. ఎల్కిన్స్, డేవిడ్ ఆండర్సన్, హ్యూ బెన్నెట్ అనే ముగ్గురు చరిత్రకారులు నిపుణులుగా నిలబడ్డారు. కెన్యా నుంచి 300 పెట్టెల్లో 1,500 ఫైళ్ళు తరలిపోయిన ఆనవాలును ఆండర్సన్ కోర్టు ముందుంచారు. 2011లో విదేశాంగ శాఖ మేమున్నామని ఒప్పుకుంది. వెదికితే 37 పాత వలస రాజ్యాల దస్త్రాలు హాన్‌స్లోప్ పార్కులోనే బయటపడ్డాయి. ఎల్కిన్స్ విద్యార్థులను తోడు పెట్టుకుని మమ్మల్ని చదివారు. ఏళ్ళ తరబడి ముడి విప్పనివాళ్ళ మధ్య బతికినదాన్ని, నా ఆనందం మీరే ఊహించుకోండి. 2013 జూన్‌లో బ్రిటన్ విచారం వెలిబుచ్చి, 5,228 మందికి పరిహారం, ఖర్చులు కలిపి 1.99 కోట్ల పౌండ్లు ఇస్తానంది.

ఫైళ్ళు దొరికాయి, ఎల్కిన్స్ మాటే నిజమైందని మెచ్చుకున్నారు. ఆ మెప్పులో నాకూ వాటా ఉంది, కాదనను. అయినా నాలో ఉన్నది కొట్టినవాళ్ళ రాత. దెబ్బలు తిన్నవాళ్ళు అదే సంగతి ఆవిడకు ఎన్నో ఏళ్ళ ముందే చెప్పారు. దొరల సంతకం చూశాకగాని లోకానికి నమ్మకం కుదరలేదు.

ఇప్పుడు లండన్‌లోని క్యూ అనే పేటలో, జాతీయ పత్రాలయంలో, ఎఫ్‌సీవో 141 అనే వరసలో ఉన్నాను. ఎవరైనా అడిగి చదవొచ్చు. నైరోబీ మనిషి నా అసలు కాగితాలు చూడాలంటే మాత్రం వీసా తీసుకుని రావాలి.