నేను బుజ్జి టీకా పుస్తకాన్ని

నేనొక టీకా పుస్తకాన్ని. నీలం అట్ట, అరచేతిలో ఇమిడే పరిమాణం. నా మొదటి పేజీలో పేరు దగ్గర ‘బుజ్జి’ అని, జాతి దగ్గర ‘దేశీ’ అని, రంగు దగ్గర ‘గోధుమ’ అని రాసి ఉంటుంది. సికింద్రాబాద్ మారేడ్‌పల్లిలో వానకు తడుస్తున్న కుక్కపిల్లను మా ఇంటి అమ్మాయి చున్నీలో చుట్టి క్లినిక్‌కు తెచ్చిన రోజున నేను ఆ ఇంటిదాన్నయ్యాను.

నా విలువంతా నాకు అంటించిన లేబుళ్లలో ఉంది. సూది వేశాక డాక్టరమ్మ మందు సీసా మీది లేబుల్‌ను గోటితో ఒలిచి నా పేజీలో అంటిస్తారు. దాని మీద మందు పేరు, బ్యాచ్ నంబరు, గడువు తేదీ కనిపిస్తాయి. పక్కన సంతకం, గుండ్రటి ముద్ర, మళ్లీ ఎప్పుడు రావాలో తేదీ. పసితనంలో పార్వో, డిస్టెంపర్ జబ్బులకు, మూడు నెలలు నిండాక రేబిస్‌కు, ఆపైన ఏటేటా బూస్టరు. రేబిస్ టీకాలు తయారుచేసే ఇండియన్ ఇమ్యునలాజికల్స్ మన హైదరాబాద్ సంస్థే. జాతీయ పాడి పరిశ్రమాభివృద్ధి మండలి దాన్ని 1982లో నెలకొల్పింది. లూయీ పాశ్చర్ 1885లో కుక్క కరిచిన పిల్లవాడికి టీకా వేసి బతికించినా, లక్షణాలు బయటపడ్డ రేబిస్‌కు నేటికీ నమ్మదగ్గ వైద్యం లేదు. ముందు జాగ్రత్త ఒక్కటే దారి. రైలు దగ్గరైనా, విమానం దగ్గరైనా, హోటల్ గుమ్మంలోనైనా బుజ్జిని చూడగానే నన్ను అడుగుతారంటే కారణం అదే.

సంక్రాంతికి విశాఖలో అమ్మ పుట్టింటికి వెళ్లి, అక్కడి నుంచి కారులో అరకు చూసి రావాలని ఇంట్లో మాట వచ్చింది. “మరి బుజ్జి సంగతేంట్రా? దానికి నోరు లేదు, మనమే ఆలోచించాలి” అంది నానమ్మ. నాన్న లేచి బీరువా తెరిచి నన్ను తీశాడు. బూస్టరు గడువు సరిగ్గా పండగ రోజుల్లోనే పడుతోంది. “ప్రయాణం ముందురోజు వేయిస్తే ఒళ్లు వెచ్చబడి నలతగా ఉండొచ్చు. కొన్ని వారాల ముందే తీసుకురండి” అన్నారు డాక్టరమ్మ.

ఇంట్లో సుందరి అనే పిల్లి కూడా ఉంది. తనను ఏం చేయాలన్న చర్చ చాలాసేపు సాగింది. పిల్లికి తను తిరిగే గోడలు, పడుకునే కిటికీ, తన వాసన అంటిన దుప్పటి ఉంటేనే ధైర్యం. కొత్తచోట భయపడి మంచం కిందికి దూరుతుంది, సందు దొరికితే పారిపోతుంది. అందుకే సుందరి ఇంట్లోనే ఉండాలని, పక్కింటి అత్తయ్య పొద్దున, సాయంత్రం వచ్చి తిండి పెట్టి కాసేపు కూర్చోవాలని తేల్చారు. ప్రేమ ఉన్నంత మాత్రాన వెంట తీసుకెళ్లాలని లేదు. ఉంచి వెళ్లడమూ ఏర్పాటే.

విమానం మాటా వచ్చింది. కొన్ని సంస్థలు చిన్న పెంపుడు జంతువులను సంచిలో పెట్టి మనతోపాటు కూర్చోనిస్తాయి. ఆకాశ ఎయిర్ 2022 నవంబరులో ఈ సదుపాయం మొదలుపెట్టింది. 18 కిలోల బుజ్జి ఆ సంచిలో పట్టదు. సరుకుల అరలో ఒంటరిగా పంపడానికి ఎవరికీ మనసొప్పలేదు. చివరికి రైలే ఖాయమైంది.

రైల్లో కుక్కను స్లీపరులో గానీ, సెకండ్ ఏసీ, థర్డ్ ఏసీల్లో గానీ ఎక్కించకూడదు. ఉన్నవి రెండే దారులు. ఒకటి గార్డు ఉండే బ్రేక్ వ్యాన్‌లోని డాగ్ బాక్స్. ఖర్చు తక్కువే, కానీ రాత్రంతా కుక్క ఒంటరిగా ఉండాలి, తిండీ నీళ్లూ యజమానే చూసుకోవాలి. రెండోది ఫస్ట్ ఏసీ. ఇద్దరి కూపే గానీ నలుగురి క్యాబిన్ గానీ మొత్తం మనకే దక్కితే మేలు. తోటి ప్రయాణికులు వద్దంటే కుక్కను బ్రేక్ వ్యాన్‌కు మార్చేస్తారు. రిజర్వేషన్ 60 రోజుల ముందు మొదలవుతుంది కాబట్టి నాన్న మొదటి రోజే గోదావరి ఎక్స్‌ప్రెస్‌కు నాలుగు టికెట్లు ఒకే పీఎన్ఆర్ మీద తీసుకుని, వెంట కుక్క ఉంది, క్యాబిన్ ఇప్పించండని అర్జీ పెట్టాడు. ఏ క్యాబిన్ వచ్చిందో చార్టు తయారయ్యాక గానీ తెలియదు. ఇంకో మాట. 2025 జనవరిలో చర్లపల్లి టెర్మినల్ మొదలయ్యాక కొన్ని రైళ్లు అక్కడికి మారాయి. మనం ఎక్కే స్టేషన్ ఏదో చూసుకుని, కుక్కను అక్కడి పార్సిల్ ఆఫీసులోనే బుక్ చేయాలి.

కాగితాల పని ఇలా సాగుతుండగా అసలు పని అమ్మాయి చేసింది. ఎక్కడికి వెళ్తున్నామో, ఎప్పుడు తిరిగొస్తామో బుజ్జికి చెప్పలేం. చెప్పలేం గనక అలవాటు చేయాలి. రోజూ సాయంత్రం దాన్ని లాలాగూడ వైపు పట్టాల పక్కన నడిపించేది. మొదట రైలు కూత వినగానే బుజ్జి తోక కాళ్ల మధ్యకు ముడిచి వెనక్కి గుంజేది. అమ్మాయి లాగకుండా అక్కడే ఆగి, కూత దూరమయ్యాక ఒక బిస్కెట్ ముక్క పెట్టేది. రానురాను కూత వినిపిస్తే బుజ్జి చెవులు రిక్కించి అమ్మాయి చేతికేసి చూడటం మొదలుపెట్టింది.

ప్రయాణానికి ముందురోజు డాక్టరమ్మ గుండె, ఊపిరితిత్తులు పరీక్షించి, బుజ్జి జాతి, రంగు, వయసు రాసి ఫిట్‌నెస్ సర్టిఫికెట్ ఇచ్చారు. దాన్ని మడిచి నా మధ్యలో పెట్టారు. పార్సిల్ ఆఫీసులో గుమాస్తా టికెట్ చూసి, “వ్యాక్సిన్ బుక్ ఉందా సార్?” అన్నాడు. నా పేజీలు ఒక్కొక్కటే తిప్పి, రేబిస్ లేబుల్ దగ్గర వేలు ఆపి తేదీ చదివి, రసీదు రాశాడు. బుజ్జి 18 కిలోలే అయినా రసీదులో 60 కిలోలు పడింది. ఫస్ట్ ఏసీలో కుక్కకు కట్టే లెక్క అది. బ్రేక్ వ్యాన్‌లో అయితే 30 కిలోలు. రసీదు లేకుండా ఎక్కించి దొరికితే ఛార్జీ ఆరింతలు.

ఎక్కే ముందు కొన్ని గంటలు తిండి పెట్టలేదు, నీళ్లు మాత్రం కొద్దికొద్దిగా పట్టారు. ఇంట్లో తను పడుకునే పాత దుప్పటినే ఉతక్కుండా క్యాబిన్‌లో పరిచారు. ఆ వాసనకు బుజ్జి కుదుటపడింది. విజయవాడలో రైలు ఆగినప్పుడు నాన్న దించి ప్లాట్‌ఫాం చివర తిప్పి తెచ్చాడు.

విశాఖలో చుట్టాలు ముద్దు చేస్తూ కూరలో ఎముకలు పెట్టబోతే అమ్మాయి చేతులు అడ్డం పెట్టింది. “వద్దు అత్తా, ఉడికిన ఎముక పెళుసుగా విరిగి పేగులో గుచ్చుకుంటుంది. ఉల్లిపాయ దాని రక్తాన్ని పాడుచేస్తుంది.” బీచ్‌కు ఇసుక కాలని తెల్లవారుజామునే వెళ్లారు. ఉప్పునీళ్లు తాగితే వాంతులవుతాయని మంచినీళ్ల సీసా వెంట ఉంచుకున్నారు, తిరిగొచ్చాక పాదాలు కడిగారు. అరకు ఘాట్‌లో మధ్యమధ్య కారు ఆపారు. రాత్రి అమ్మాయి బుజ్జి చెవుల వెనక, వేళ్ల సందుల్లో తడిమి పిడుదులు చూసింది. పిడుదు కుడితే వచ్చే జ్వరం కుక్కను నెలల తరబడి తినేస్తుంది.

క్లినిక్ బల్ల మీద ఒకసారి నా పక్కన యూరప్ వెళ్లబోయే కుక్క పుస్తకం ఉంది. అక్కడికి వెళ్లాలంటే మెడ దగ్గర చర్మం కింద 15 అంకెల మైక్రోచిప్, టీకా వేసిన 30 రోజులకు రక్తపరీక్ష, ఆ తర్వాత మూడు నెలల నిరీక్షణ. ఉద్యోగం వచ్చింది, వచ్చే నెలే వెళ్లాలి అనుకునే కుటుంబానికి ఆ వ్యవధి సరిపోదు. కుక్కను ఎవరికో అప్పగించి ఏడ్చుకుంటూ వెళ్లే అవస్థ చాలావరకు తేదీలు ముందు చూసుకోకపోవడం వల్లే వస్తుంది.

ఏడాదిలో ఎక్కువ భాగం నేను బీరువాలో రేషన్ కార్డు పక్కన ఉంటాను. మీ ఇంట్లోనూ నాలాంటిది ఒకటి ఉండే ఉంటుంది. సెలవులకు ఎక్కడికి వెళ్దామన్న మాట రాగానే, టికెట్ల కన్నా ముందు దాన్ని తీసి తేదీ చూడండి. ఆ ప్రాణి రాగలదా, ఉండగలదా, ఏం అలవాటు చేయాలి అని అప్పుడే అడగండి. అది జవాబు చెప్పలేదు. దాని తరఫున సమయం తీసుకుని ఆలోచించాల్సింది మీరే.