నేను చదవని మూడక్షరాలు

పదో తరగతి జీవశాస్త్రంలో ప్రత్యుత్పత్తి పాఠం నేను ఏటా చెప్తాను. గర్భాశయం, దానికి అటూ ఇటూ ఫాలోపియన్ నాళాలు, వాటి పక్కనే స్త్రీబీజకోశాలు. బొమ్మ గీసి భాగాలు గుర్తించమంటే భూపాలపల్లి దగ్గరున్న మా బడి పిల్లలు ఒక్కటి కూడా తప్పు పెట్టరు. ఆ బొమ్మలో ఉన్నవన్నీ మా అక్క కడుపులోంచి తీసెయ్యడానికి ఒప్పుకుంటూ సంతకం పెట్టింది నేనే. ఏమేం తీస్తారో నాకు తెలియదు. కాగితం మీద మాత్రం రాసే ఉంది.

అప్పటికి ఈ జిల్లాలు లేవు. జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి అన్నీ వరంగల్ జిల్లాలోనివే, 2016 అక్టోబరులో గానీ విడిపోలేదు. పెద్ద రోగమంటే హనుమకొండ బస్సెక్కాల్సిందే. అక్కను మహబూబాబాద్ వైపు ఒక పల్లెకు ఇచ్చారు. ఇద్దరు పిల్లలు, ఎకరం మిరప తోట. ముప్పై అయిదేళ్లు కూడా నిండలేదు. నెలసరిలో రక్తం ఎక్కువ పోతోందనీ, నడుము గుంజుతోందనీ ఊళ్లో ఆర్ఎంపీకి చెప్పుకుంది. ఆయన ఒక ప్రైవేటు ఆసుపత్రికి చీటీ రాసిచ్చాడు. జనగామలో అమ్మగారింట్లో ఉన్న నేను తోడు వెళ్లాను. ఇంట్లో డిగ్రీ చదివినదాన్ని నేనొక్కదాన్నే.

స్కానింగు కాగితంలో ‘బల్కీ యుటెరస్’ అని ఉంది. కేసు షీటు మీద ‘క్రానిక్ సర్విసైటిస్’ అని రాశారు. బల్కీ అంటే కాస్త పెద్దగా ఉందని, అంతే. ఇద్దరు పిల్లల్ని కన్న గర్భసంచి అట్లా ఉండటం మామూలే. సర్విసైటిస్ అంటే గర్భసంచి మూతి దగ్గర వాపు. ఏ మాట చివర ‘ఐటిస్’ వచ్చినా అది వాపే. క్రానిక్ అంటే చాలా రోజులుగా ఉన్నది. నేనేమో ముదిరిపోయినది అనుకున్నాను. ఆ భయంలో ఉండగానే లోపలికి పిలిచి, గర్భసంచి చెడిపోయింది, ఉంచుకుంటే క్యాన్సర్ కావచ్చు అన్నారు. ఇక నాకు నోట మాట రాలేదు. మందులతో తగ్గుతుందా, క్యాన్సర్ పరీక్ష ఏదైనా చేశారా అని అడగాలని కూడా తోచలేదు.

“నువ్ సదువుకున్నదానివి, నువ్వే సూడు చెల్లె” అంది అక్క. బావ కూడా నా వైపే చూశాడు. నర్సు కాగితం తెచ్చింది. అందులో పేరు, వయసు, వాటి కింద చేత్తో రాసిన ఒక వరుస: ‘టీఏహెచ్ విత్ బీఎస్ఓ’. ఏమిటిదని ఒక్క మాట అడిగితే సరిపోయేది. వాళ్లిద్దరి ముందు నాకు తెలియదని చెప్పడానికి సిగ్గుపడ్డాను. అక్కతో వేలిముద్ర వేయించి, పక్కన నా సంతకం పెట్టాను.

ఆ ఏడాది నుంచే అక్కకు ఒళ్లంతా ఆవిర్లు, రాత్రిపూట చెమటలు. నిద్ర లేదు. కీళ్లు పట్టేసేవి. “పెద్దాపరేషన్ అయినోళ్లకు అట్లనే ఉంటదక్కా” అని నేనే సర్ది చెప్పాను. కొన్నేళ్ల తర్వాత గడప దగ్గర జారి చెయ్యి ఆనించిందో లేదో, మణికట్టు విరిగింది. అంత చిన్న దెబ్బకు ఎముక విరగకూడదని జనగామలో చూసిన డాక్టరు అనుమానపడి, గర్భసంచి ఒక్కటే తీశారా, స్త్రీబీజకోశాలు కూడా తీశారా అని అడిగాడు. అక్క నా ముఖం చూసింది. నా దగ్గర జవాబు లేదు.

సందుగలో చీరల కింద ప్లాస్టిక్ కవర్లో ఆ ఫైలు ఇంకా ఉంది. ఈసారి నిఘంటువు పక్కన పెట్టుకుని కూర్చున్నాను. ‘ఎక్టమీ’ అంటే కోసి తీసెయ్యడం. ‘హిస్టెరా’ గ్రీకులో గర్భాశయం. టీఏహెచ్ అంటే పొట్ట కోసి గర్భాశయం మొత్తం తీసెయ్యడం. బీఎస్ఓలో బీ అంటే బైలేటరల్, రెండు వైపులా. ఎస్ అంటే సాల్పింగో. గ్రీకులో సాల్పింక్స్ అంటే బాకా, ఫాలోపియన్ నాళం చివర బాకా మూతిలా విచ్చుకుని ఉంటుంది. ఓ అంటే ఊఫరెక్టమీ, స్త్రీబీజకోశాన్ని తీసెయ్యడం. గర్భాశయం పోను, నేను పాఠం చెప్పే బొమ్మంతా బీఎస్ఓ అనే ఆ మూడక్షరాల్లో ఉంది.

ఫైలు చివర బయాప్సీ రిపోర్టు. దాన్ని అంతవరకూ ఎవరూ తెరిచి చూసినట్టు లేదు. ‘బోత్ ఓవరీస్ అన్‌రిమార్కబుల్’ అని ఉంది. అంటే రెండింటిలోనూ చెప్పుకోదగ్గ లోపమేదీ లేదని.

“అంటే మంచిగనే ఉన్నయా?” అంది అక్క.

“మంచిగనే ఉన్నయక్కా.”

ముప్పైల్లో ఉన్న మనిషికి రెండు బీజకోశాలూ తీసేస్తే ఈస్ట్రోజెన్ ఒక్కసారిగా పడిపోతుంది. యాభై దగ్గర పడ్డాక రావలసిన ముట్టుడుగు ఆ వారంలోనే మీద పడుతుంది, దాని వెనకే ఎముకల బలం తగ్గుతుంది. తెలిసి ఉంటే అక్క మొదటి రోజు నుంచే దానికి వైద్యం చేయించుకునేది. నా సంతకం పోగొట్టింది ఆ ఏళ్లను కూడా.

ఆ సంతకానికి చట్టం దృష్టిలో విలువ ఎంతో కూడా తర్వాతే తెలుసుకున్నాను. 2008 జనవరిలో సుప్రీంకోర్టు సమీరా కోహ్లీ కేసులో తీర్పు చెప్పింది. పరీక్ష కోసమని మత్తిచ్చిన మహిళకు, బయటున్న తల్లిని అడిగి గర్భాశయం, నాళాలు, బీజకోశాలు తీసేశారు. ఈడొచ్చి, సొంతంగా నిర్ణయించుకోగల మనిషి విషయంలో తల్లి ఒప్పుకోలు చెల్లదనీ, చికిత్స ఏమిటో, దాని నష్టాలేమిటో, వేరే దారులేమున్నాయో రోగికే తెలిసి ఒప్పుకోవాలనీ కోర్టు చెప్పింది. మా అక్క వేలిముద్ర ఉంది కదా అనవచ్చు. చదివి చెప్పాల్సిన దాన్ని నేనే చెప్పకపోతే ఆ వేలిముద్రలో ఒప్పుకోలు ఎక్కడుంది?

మా ఒక్క ఇంటి కథ అయితే రాసేదాన్ని కాదు. 2015–16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, 15–49 ఏళ్ల ఆడవాళ్లలో గర్భసంచి తీయించుకున్నవాళ్లు దేశం మొత్తం మీద 3.2 శాతం. తెలంగాణలో 7.7, ఆంధ్రప్రదేశ్‌లో 8.9. అవసరం లేకుండా చేసే ఈ ఆపరేషన్ల మీద 2023 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు మళ్లీ జోక్యం చేసుకుని, కేంద్రం తెచ్చిన మార్గదర్శకాలను రాష్ట్రాలు అమలు చేయాలంది.

ఇప్పుడు మా మూడు ఊళ్లలోనూ ప్రభుత్వ వైద్య కళాశాలలున్నాయి. మహబూబాబాద్‌లో 2022లో, జనగామలో, భూపాలపల్లిలో 2023లో మొదలయ్యాయి. అక్కడ చేరిన పిల్లలు మొదటి ఏడే అనాటమీ చదువుతారు, చదువులో భాగంగా పల్లెల్లో కొన్ని కుటుంబాలను దత్తత తీసుకుని వెళ్లి వస్తుంటారు. బాబూ, అమ్మా, మీరు ఆ ఇళ్లకు వెళ్లినప్పుడు బీపీ చూసి ఊరుకోకండి. గర్భసంచి తీయించుకున్న ఆడవాళ్లుంటే వాళ్ల పాత ఫైళ్లు బయటికి తీయించండి. బీఎస్ఓ అని ఉందేమో చూడండి. ఉంటే ఏం తీశారో ఆమెకే, ఆమె మాటల్లోనే చెప్పి, ఎముకల పరీక్షకు పంపండి.