ఫ్లెక్సీకి లేని సిగ్గు

ఖమ్మంలో మా తమ్ముడి కూతురు పెద్దమనిషైంది. ఈ సంగతి నేను మీకు కొత్తగా చెప్పక్కర్లేదు. 2024 మాఘమాసంలో మీరు ఆ ఊరి మీదుగా బస్సులో వెళ్లుంటే చూసే ఉంటారు. చౌరస్తాలో 12 అడుగుల ఫ్లెక్సీ. మధ్యలో లంగా ఓణీ కట్టుకుని పిల్ల, నడుముకు వడ్డాణం, పదమూడేళ్ల మొహానికి పాతికేళ్ల మేకప్. పైన "నూతన వస్త్రాలంకరణ మహోత్సవం" అని బంగారు రంగు అక్షరాలు. కింద "ఆహ్వానించువారు" అంటూ వరసగా మగాళ్ల తలకాయలు, సగం మందికి నల్లకళ్లద్దాలు. పిల్ల తల్లి ఫొటో మాత్రం లేదు. జాగా చాల్లేదట.

ఫంక్షన్ హాల్లో పిల్లను పల్లకిలో తెచ్చారు. పొగ వదిలారు. నెత్తిమీద డ్రోన్ తిరిగింది. ఎనిమిది వందల మంది బిర్యానీ తిని, ఒక చిన్నపిల్లకు నెలసరి మొదలైనందుకు కవర్లిచ్చి వెళ్లారు. మేకప్ మనిషికి ఎంత, డెకరేషన్‌కి ఎంత, డ్రోన్‌కి విడిగా ఎంత అని మా తమ్ముడు వేళ్లు మడిచి చెబుతూ పక్కనే తిరుగుతున్నాడు. అప్పుడే నాకు నోటి దురద పుట్టింది.

"అంతా బాగుంది గానీ, పిల్లకి ఆ టీకా వేయించావా?"

"ఏం టీకా అక్కా?"

"హెచ్‌పీవీది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ రాకుండా వేసేది. ఈ వయసులోనే వేయించాలి."

వాడు మడుస్తున్న వేలు ఆగిపోయింది. అటూ ఇటూ చూశాడు. గొంతు తగ్గించాడు. "అక్కా, నలుగురూ ఉన్నారు. ఇక్కడా ఆ మాటలు?"

ఆ నలుగురినీ పిలిచిందే ఆ మాటకు కదా అందామనుకున్నాను. పెరుగన్నం అడ్డొచ్చింది.

మా ఇళ్లలో సిగ్గుకు ఒక టైం టేబుల్ ఉంది. పిల్ల పెద్దదైందని లారీ డ్రైవర్లక్కూడా చెప్పేటప్పుడు అది సెలవు మీద వెళ్తుంది. గర్భాశయం అన్న మాట వినపడగానే డ్యూటీకి వచ్చేస్తుంది. ఈ డ్యూటీ వేళలు మనకంటే బాగా తెలిసింది ఆ హెచ్‌పీవీ అనే వైరస్‌కే. అది రెండు వందల పైచిలుకు రకాల సంతతి. కొన్ని చేతిమీద పులిపిరులతో సరిపెట్టుకుంటాయి. ఓ పద్నాలుగు రకాలు మాత్రం ప్రమాదకరం. వాటిలో 16, 18 నంబర్లవి కలిసి ఈ క్యాన్సర్లలో నూటికి డెబ్భై వరకు తెస్తాయి. ఈ క్యాన్సర్‌కు ఈ వైరస్సే మూలమని తేల్చినందుకు హెరాల్డ్ జుర్ హౌసెన్ అనే జర్మన్ శాస్త్రవేత్తకు 2008లో నోబెల్ ఇచ్చారు. సంసారం చేసే ప్రతివాళ్లకూ దాదాపుగా ఎప్పుడో ఒకప్పుడు ఇది సోకుతుంది. ఎక్కువమందిలో ఒకటి రెండేళ్లలో ఒంట్లోని రక్షణశక్తే తరిమేస్తుంది, వచ్చిందనీ పోయిందనీ కూడా తెలియదు. పోకుండా తిష్ఠ వేసిన చోట పదిహేను ఇరవై ఏళ్లు చప్పుడు చేయదు. ఈలోగా ఆ పిల్ల ఇద్దరు పిల్లల తల్లవుతుంది. తెల్లబట్ట అవుతోందని ఎవరికీ చెప్పుకోదు. 2022లో మన దేశంలో లక్షా ఇరవై ఏడు వేల మందికి ఈ జబ్బు కొత్తగా వచ్చిందనీ, ఎనభై వేల మంది దాకా పోయారనీ అంచనా. అంటే గంటకు తొమ్మిది మంది. పల్లకి దిగినప్పటి నుంచి తాంబూలాల దాకా మా ఫంక్షన్ ఆరు గంటలు నడిచింది. లెక్క మీరు కట్టుకోండి.

చేతులు కడుక్కునే చోట తమ్ముడు మళ్లీ దొరికాడు. "అయినా మన పిల్లకెందుకక్కా? అట్లాంటి వేషాలేసే పిల్లలకి కావాలి గానీ."

ఏ వేషాలురా? ఏడడుగులు నడిచి, అరుంధతిని చూసి, కుడికాలు లోపల పెట్టి అత్తారింటికి వచ్చిన పిల్లకు కూడా ఇది సోకుతుంది. తెచ్చేది కట్టుకున్నవాడు. వాడికీ తెలియదు, వాడిలో దాన్ని పట్టుకోడానికి మామూలుగా వాడే పరీక్షా లేదు. పెళ్లిచూపుల్లో పిల్ల జుట్టు చూస్తాం, నడక చూస్తాం. పిల్లాడి పూర్వచరిత్ర అడిగితే మధ్యవర్తి, "మగపిల్లాడు, ఏవో చిన్నచిన్నవి ఉంటాయి" అంటాడు. ఆ చిన్నచిన్నవాటిలో ఒకదాని సైజు 55 నానోమీటర్లు.

ఇది మగాళ్లనూ వదలదు. గొంతులో, పురుషాంగం మీద క్యాన్సర్ తేగలదు. ఆస్ట్రేలియాలో 2013 నుంచి మగపిల్లలకూ ఈ టీకా వేస్తున్నారు. వచ్చే ఏడు మా మేనల్లుడికి పంచెకట్టు ఫంక్షన్ ఉంది. అక్కడ కూడా నోరెత్తుతానేమోనని తమ్ముడికి ఇప్పటినుంచే బెంగ.

"పదమూడేళ్లకే వేయిస్తే, ఇక నీ ఇష్టం అని మనమే చెప్పినట్టు కాదా?" ఇది వాడి రెండో అస్త్రం. ఇదే పిల్ల పుట్టిన రోజున ఆసుపత్రిలో హెపటైటిస్ బి టీకా వేశారు. ఆ వైరస్ కూడా రక్తంతో పాటు సంభోగం వల్ల సోకేదే. ఒక్కరోజు పసిగుడ్డు శీలం గురించి ఆనాడు ఎవరూ బెంగపడలేదు. కార్డు మీద ముద్ర వేయించుకుని, స్వీట్లు పంచి ఇంటికొచ్చాం. ఈ టీకా అప్పటికే ఉన్న వైరస్‌ను తరిమేది కాదు, రాబోయేదాన్ని గుమ్మంలో ఆపేది. తొమ్మిది నుంచి పద్నాలుగేళ్ల మధ్య వేయించమనేది అందుకే.

ఇంతలో బంతిలో నుంచి ఒక పెద్దాయన, వాట్సాప్‌లో డాక్టరేట్ ఉన్నాయన, లేచి వచ్చాడు. "అది వేస్తే పిల్లలు పుట్టరంటమ్మా!" ఆయనకు ఓపిగ్గా చెప్పాను. బాబాయ్, ఆ టీకాలో వైరస్ లేదు. వైరస్ పైతొడుగు లాంటిదాన్ని మాత్రం ప్రయోగశాలలో తయారు చేస్తారు, గింజ లేని పల్లీకాయ అనుకో. ఆ గుల్లను చూసి ఒళ్లు రూపం గుర్తుపెట్టుకుంటుంది, అసలుది వచ్చినప్పుడు పట్టుకుంటుంది. గుల్ల మొలకెత్తదు, గర్భసంచి జోలికి వెళ్లదు.

గర్భసంచి అన్నాను కదా, ఆయన పక్కనున్న ఆడవాళ్లు తలదించుకున్నారు. మా పిన్ని కూతురికి ముప్పై రెండేళ్లకు తీసేశారు. దాని ఆడపడుచుకు ఇరవై తొమ్మిదికే. చిన్న పుండు కనిపిస్తే, "ఉంచితే క్యాన్సరవుతుంది" అని ఒక్క మాట. పొలం తాకట్టు పెట్టి ఆపరేషన్ చేయించుకున్నారు. దేశం మొత్తమ్మీద గర్భసంచులు తీయించుకోవడంలో ముందు వరసలో నిలబడింది మన రెండు తెలుగు రాష్ట్రాలే. క్యాన్సర్ అంటే మనకు భయం లేదని ఎవరన్నారు? మొత్తం సంచినే తీసి పారేసేంత భయం ఉంది. సూది దగ్గరికి వచ్చేసరికి ఆ భయం కాస్తా పరువు అవుతుంది. ముప్పై దాటిన ఆడవాళ్లు ఈ క్యాన్సర్ పరీక్ష ఒక్కసారైనా చేయించుకున్నది దేశంలో నూటికి ఇద్దరు కూడా లేరని జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే చెప్పింది.

బాబాయ్ ఆఖరి మాట మాత్రం నవ్వి కొట్టేసేది కాదు. "మన ఖమ్మంలోనే కదమ్మా పిల్లలు చచ్చిపోయింది?"

నిజమే. 2009లో ఉమ్మడి ఖమ్మం జిల్లాలో, భద్రాచలం, కొత్తగూడెం వైపు, పద్నాలుగు వేల మంది ఆడపిల్లలకు ఈ టీకా వేశారు. పాత్ అనే అమెరికా సంస్థ, భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్), రాష్ట్ర ప్రభుత్వం కలిసి చేసిన పని. గుజరాత్‌లోని వడోదరలోనూ ఇలాగే జరిగింది. రెండుచోట్లా కలిపి ఏడుగురు పిల్లలు చనిపోయారు. 2010 ఏప్రిల్‌లో అంతా ఆపేశారు. విచారణలో బయటపడ్డవి పాముకాటు, నీళ్లలో మునగడం, పురుగుమందు, మలేరియా. టీకా వల్ల పోయారనడానికి ఆధారం దొరకలేదు. కానీ సంతకాల కట్ట విప్పితే వేరే జబ్బు బయటపడింది. పరిశీలించిన 9,543 అంగీకార పత్రాల్లో 1,948 వేలిముద్రలు, 2,763 హాస్టల్ వార్డెన్ల సంతకాలు. కోయపిల్ల అమ్మానాన్నలు అడవిలో ఉన్నారు, వార్డెన్ గారి దగ్గర పెన్నుంది. పని తేలిక. పార్లమెంటు స్థాయీ సంఘం 2013లో ఈ వ్యవహారాన్ని దుమ్మెత్తి పోసింది. పోయాల్సిందే. మా తమ్ముడి కూతురు పెద్దమనిషైన సంగతి చెప్పడానికి ఎనిమిది వందల మందిని పిలిచారు. ఆ హాస్టల్ పిల్లల ఒంట్లోకి సూది దించేముందు ఇద్దరిని, కన్నవాళ్లను, పిలవడానికి ఎవరికీ తీరిక లేకపోయింది.

తప్పు చేసింది పెన్ను. మనం శిక్ష వేసింది సూదికి. ఆ గొడవలో దేశంలో వేరేచోట్ల జరుగుతున్న ఇంకో అధ్యయనం కూడా ఆగిపోయింది. రెండు డోసులు చాలా, మూడు కావాలా అని తేల్చడానికి పెట్టుకున్నది అది. పదిహేడు వేల మందికి పైగా ఆడపిల్లలు. ఆపేసే నాటికి దాదాపు ఐదు వేల మందికి ఒక్క డోసే పడింది. పాడైపోయిందనుకున్న ఆ లెక్కను శాస్త్రవేత్తలు వదలకుండా పదేళ్లు చూశారు. ఆ ఒక్క డోసే 16, 18 రకాలు ఒంట్లో తిష్ఠ వేయకుండా నూటికి తొంభై ఐదు పాళ్లు కాపాడిందని 2021లో బయటపెట్టారు. మరుసటేడు ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒక్క డోసు చాలవచ్చు అనడానికి ఆసరా అయినవాటిలో ఇదీ ఉంది. మనం భయపడి మధ్యలో ఆపేసిన పని లోకంలోని పేద దేశాలకు సగం ఖర్చు మిగిల్చింది. మనకు మిగిలింది పుకారు.

ఈలోగా పొరుగున భూటాన్ 2010లోనే దేశమంతా టీకా మొదలెట్టింది. 2011లో రువాండా. పన్నెండు పదమూడేళ్లకు పూర్తిగా టీకా వేయించుకున్న ఆడవాళ్లలో ఈ క్యాన్సర్ ఒక్కరికీ కనబడలేదని 2024 మొదట్లో స్కాట్లాండ్ వాళ్లు ప్రకటించారు. మన సొంత టీకాకు 2022లో అనుమతి వచ్చింది, అప్పట్లో బయట కొంటే డోసు రెండు వేల దాకా ఉండేది. 2024 ఫిబ్రవరి 1న బడ్జెట్ ప్రసంగంలో ఆర్థికమంత్రి ఈ టీకాను "ప్రోత్సహిస్తాం" అన్నారు. ప్రోత్సహించడం అంటే పక్కన నిలబడి చప్పట్లు కొట్టడమా, డబ్బు పెట్టడమా అని అడిగేలోపే ఆ మర్నాడు పూనమ్ పాండే అనే నటి ఈ క్యాన్సర్‌తో చనిపోయిందని వార్త. వార్త వచ్చిన మర్నాడే లేచొచ్చి, అవగాహన కోసం చచ్చానంది. దేశమంతా ఆమెను తిట్టింది. తిట్టే హడావుడిలో కొందరైనా ఆ జబ్బు పేరు పలికారు, అదొక్కటే లాభం.

ఫంక్షనైన పదోరోజు మరదలు ఫోన్ చేసింది. గొంతు వంటింట్లోంచి వస్తున్నట్టుంది. "వదినా, పిల్లకి ఆ సూది వేయిద్దాం. నాకూ ఆ పరీక్షేదో చేయిద్దువు గానీ. ఆల్బమ్‌లో ఫొటోలు ఏరడానికి స్టూడియోకి పోతున్నామని మీ తమ్ముడికి చెప్పా."

వెళ్లాం. టీకాకు రెండు నిమిషాలు పట్టలేదు. మరదలి పరీక్ష కాసేపు. సూది గుచ్చిన చోట దూది పెట్టుకుని పిల్ల సెల్ఫీ దిగింది, "హెచ్‌పీవీ టీకా డన్" అని స్టేటస్ పెట్టింది. తిరిగొస్తుంటే ఆటో చౌరస్తాలో సిగ్నల్ దగ్గర ఆగింది. సరిగ్గా మా నెత్తిమీదే ఫ్లెక్సీ. ఓ మూల చిరిగి గాలికి కొట్టుకుంటోంది, పిల్ల మొహం మాత్రం చెక్కుచెదరలేదు. అప్పుడు మోగింది నా ఫోన్.

"అక్కా, ముందు దాంతో ఆ స్టేటస్ తీయించు. నలుగురూ చూస్తే పరువు పోదూ?"