డీఎన్‌ఏ టెస్టు ఎప్పుడు, డాక్టర్ బాబూ?

2017లో స్టార్ మాలో మొదలైన ‘కార్తీక దీపం’ సీరియల్ 2023 దాకా, పదిహేను వందల పైచిలుకు ఎపిసోడ్లు నడిచింది. తనకు పిల్లలు పుట్టరని నమ్మిన హీరో డాక్టర్ బాబు, కడుపుతో ఉన్న భార్య వంటలక్కను అనుమానించాడు. ఒక్క డీఎన్‌ఏ టెస్టుతో తేలిపోయే వ్యవహారం. పాలవాడికి కూడా తట్టిన ఈ సంగతి ఆ డాక్టరుగారికి ఏళ్ల తరబడి తట్టలేదు. తట్టి ఉంటే రాత్రి ఏడున్నరకి మన గతేం కాను?

అన్నట్టు, మగవాళ్లెవరూ సీరియళ్లు చూడరు. పక్కన కూర్చుంటారంతే. ‘‘డాక్టర్ బాబు కూతుళ్లలో ఈ హిమ ఎవరి దగ్గర పెరిగిందే?’’ అని ఆడవాళ్లు తికమకపడితే, ‘‘నానమ్మ దగ్గర. వంటలక్క దగ్గర పెరిగింది శౌర్య’’ అని పేపరు వెనకనుంచి జవాబొస్తుంది.

సీరియల్ని కళ్లప్పగించి చూడాలని తీసేవాళ్లే అనుకోరు. ఎవరో ‘‘ఏంటీ!’’ అంటారు. పిడుగు పడ్డ చప్పుడు. అత్తగారి మొహం మూడుసార్లు, కోడలి మొహం మూడుసార్లు, గుమ్మంలో పనిమనిషి మొహం ఒకసారి. తర్వాత ప్రకటనలు. పప్పుకి తాలింపు పెట్టి వచ్చినా కథ ఇంకా ‘ఏంటీ’ దగ్గరే ఉంటుంది. ఏ కళాఖండం ఇస్తుందండీ ఇంత వెసులుబాటు?

ఇది చాలదన్నట్టు ఓటీటీ వచ్చింది. సాయంత్రం టీవీలో వచ్చే ఎపిసోడ్‌ని పొద్దున్నే చూడ్డానికి చందా కట్టారు జనం. ఇవాళ కూడా ఏమీ జరగలేదన్న వార్త ఊరందరికన్నా ముందు తెలుసుకోవడానికి!

కుర్రాళ్లు అలా కాదు, వాళ్లకు టైము విలువ తెలుసు. రెండున్నర గంటల సినిమాని పది నిమిషాల్లో వివరించే యూట్యూబ్ వీడియో పెట్టుకుని, దాన్నీ ఒకటిన్నర స్పీడులో చూస్తారు. మిగిలిన రెండు గంటల ఇరవై పైచిలుకు నిమిషాలూ రీల్స్‌కి.

ఇంత జరుగుతున్నా టీఆర్పీలు వారం వారం వస్తూనే ఉన్నాయి. లెక్కకోసం ఎంచుకున్న ఇళ్లలో మీటరుంటుంది; టీవీ ముందు కూర్చున్నవాళ్లు రిమోట్‌లో ఎవరి బటన్ వాళ్లు నొక్కాలి. నొక్కాక నలుగురూ నాలుగు ఫోన్లలో తలదూర్చినా దానికేం తెలుస్తుంది? కుటుంబ సమేతంగా తిలకిస్తున్నట్టే లెక్క. ఆ లెక్క చూసుకునే కాబోలు, 2024లో డాక్టర్ బాబు, వంటలక్క ‘కార్తీక దీపం - ఇది నవ వసంతం’ పేరుతో మళ్లీ వచ్చారు. ల్యాబువాళ్లు కంగారుపడక్కర్లేదు.