ఆసు దర్శనం

మా ఇంట్లో ఆసు పోసేది అమ్మ. పోచంపల్లి చుట్టుపక్కల మగ్గం ఉన్న ఇళ్లలో పుట్టినవాళ్లకు ఈ మాట విప్పి చెప్పనక్కర్లేదు. మిగతావాళ్ల కోసం చెప్తాను. చిటికి చీరకు పేక నూలును రంగులో ముంచేముందు ఒక చట్రం మీద వరసగా పరవాలి. ఒక పక్క ఒకే ఒక్క మేకు, దానికెదురుగా అర్ధచంద్రాకారంలో బారుగా మేకులు. పోగును ఈ మేకు నుంచి ఆ మేకుకు తీసుకెళ్లాలి, మళ్లీ వెనక్కి తేవాలి. గీతలు గీయడం, రంగు అంటకూడని చోట రబ్బరుతో చిటికి కట్టడం, అద్దకం అన్నీ ఆ తర్వాతే. ఒక్క చీరకు చెయ్యి 9,000 సార్లు ఆడాలి. నాలుగైదు గంటల పని. రెండు చీరలకు పోసిన రోజు 18,000 సార్లు.

ఆ చెయ్యిని చూస్తూ నేనొక దర్శనం కల్పించాను.

1992. బీఎస్సీలో ఫిజిక్స్ చదివి, ఉద్యోగం దొరక్క ఇంట్లో ఉన్నాను. ఒక సాయంత్రం కరెంటు పోయింది. లాంతరు పక్కన పెట్టుకుని అమ్మ ఆసు పోస్తోంది. ఒంటిమేకు నుంచి బయల్దేరిన పోగు ఒక్కో మేకునూ తాకి, ప్రతిసారీ ఒంటిమేకు దగ్గరికే వస్తోంది. గోడ మీద అమ్మ చేతి నీడ ఊగుతోంది. ఉన్నదంతా ఒకే పోగు, మనమంతా అది తాకి వెళ్లే మేకులం అనిపించింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆ క్షణం అబద్ధమని ఈ రోజుకీ అనను. తప్పంతా ఆ తర్వాత నేను చేసిన దాంట్లో ఉంది.

దానికి ఆసు దర్శనం అని పేరు పెట్టాను. మూడు సూత్రాలు రాసుకున్నాను. పోగు ఒకటే. ఎక్కడ లాగినా అంతటా కదులుతుంది. ఏ బాధా ఏ ఒక్కరిదీ కాదు. మూడోది రాసినప్పుడు ఎంత పొంగిపోయానో చెప్పలేను. ఊళ్లో నలుగురైదుగురు యువకులు సాయంత్రాలు మా అరుగు మీద చేరేవాళ్లు. వాళ్లకు చెప్పేవాణ్ని, వాళ్లు నమ్మేవాళ్లు.

నాకు సాక్ష్యాలు కావాల్సి వచ్చాయి. ఫిజిక్స్ చదివినవాణ్ని కాబట్టి అక్కడికే వెళ్లాను. 1964లో జాన్ బెల్ ఒక సిద్ధాంతం రాశాడు. 1982లో అలాన్ ఆస్పె ప్యారిస్ దగ్గర ప్రయోగం చేసి చూపించాడు. ఒక్కచోట కలిసి పుట్టిన రెండు కాంతి కణాలు ఎంత దూరం విడిపోయినా, వాటి మీద చేసే కొలతలు మామూలు లెక్కకు అందనంతగా ఒకదానితో ఒకటి ముడిపడి ఉంటాయి. ఇదే పోగు అన్నాను. 2022లో ఈ పనికే నోబెల్ ఇచ్చారని పేపర్లో చూసి నా పాత నోటుబుక్కు తీశాను. నా చేత్తో నేనే రాసుకున్న రెండు వాక్యాలు అందులో ఉన్నాయి. ఈ ముడి ద్వారా ఒక చోటి నుంచి మరో చోటికి ఏ కబురూ పంపలేం. చుట్టుపక్కల వాటితో తగులుకుంటే ఈ ముడి చెదిరిపోవచ్చు. తెలుసుకుని, రాసుకుని, అరుగు మీద మాట్లాడేటప్పుడు ఆ రెండూ వదిలేశాను. తెలియక చేసిన తప్పు కాదది.

బౌద్ధ తాత్వికుడు నాగార్జునుడి విషయంలో ఇంకా పెద్ద అపచారం చేశాను. ఆయన పేరు మోస్తున్న సాగర్ మా పాత నల్లగొండ జిల్లా అంచునే ఉంది కాబట్టి ఆయన మనవాడే అనుకున్నాను. ఏదీ తనంతట తాను లేదు, ఒకదాన్ని ఆనుకునే మరొకటి ఉందన్న ప్రతీత్యసముత్పాదాన్ని నా మొదటి సూత్రం కింద పెట్టుకున్నాను. బౌద్ధంలో దాన్ని పన్నెండు లంకెలుగా వరసగా పేర్చింది ముసలితనం, చావు, దుఃఖం ఎక్కడి నుంచి వస్తున్నాయో వెతికి పట్టుకోవడానికి. బౌద్ధులు నొప్పి దగ్గర మొదలుపెట్టారు. నేను నొప్పిని పక్కకు నెట్టి లంకెలను మాత్రం తెచ్చుకున్నాను.

నొప్పి మా ఇంట్లోనే ఉంది. "బిడ్డా, రెక్క గుంజుతున్నది. రాత్రి నిద్ర పడ్తలేదు" అనేది అమ్మ. ఒకసారి కాదు, ఏడాది పొడుగునా అంది. ఒక రాత్రి నేనన్నాను: "అమ్మా, ఆ నొప్పి నీ ఒక్కదానిది కాదే. నీ చెయ్యి లోకాన్ని కలుపుతున్నది." అమ్మ నా మొహం చూసింది. ఏమీ అనలేదు. భుజానికి నువ్వుల నూనె తనే రాసుకుని పడుకుంది.

1996లో ఆసు దర్శనాన్ని పుస్తకంగా అచ్చు వేయించాను. 500 కాపీలు. డబ్బు అమ్మ చిట్టీది, ఎత్తుకుని తనే నా చేతిలో పెట్టింది. అందులో ఒక పేజీ నిండా అమ్మ చెయ్యి గురించి రాశాను, అలుపెరగని చెయ్యి అని. అమ్మకు చదువు రాదు.

ఇవే ఏళ్లలో ఆలేరు దగ్గర శారాజీపేటలో ఆరో తరగతితో బడి మానేసిన ఒక పద్మశాలి కుర్రాడు తన తల్లి భుజం నొప్పి చూడలేక ఆసు పోసే యంత్రం కోసం తంటాలు పడుతున్నాడు. చింతకింది మల్లేశం. నేను సూత్రాలు రాసిన 1992లోనే ఆయన పని మొదలుపెట్టాడు. అప్పులు, ఊళ్లో మాటలు, ఆగిపోవడాలు అన్నీ దాటి 1999లో పూర్తిచేశాడు. తల్లి పేరే పెట్టాడు, లక్ష్మి ఆసు యంత్రం అని. 2017లో పద్మశ్రీ వచ్చింది. ఆయన చూసిందీ నేను చూసిందీ ఒకే రకం చట్రం, ఒకే రకం మేకులు, అలాగే ఆడే అమ్మ చెయ్యి. నాకు మోటారు తెలుసు, గేరు తెలుసు, పరీక్షల్లో రాసి మార్కులు తెచ్చుకున్నాను. ఒక్క రోజైనా ఆ చట్రం ముందు కూర్చుని ఈ పని చెయ్యి లేకుండా అవుతుందా అని అడగలేదు.

మా ఇంటికి యంత్రం 2004లో వచ్చింది. నాలుగైదు గంటల పని గంటన్నరలో అయిపోయింది. అమ్మ పక్కన పీట వేసుకుని, పోగు దానంతటదే మేకుల మీద తిరగడం చివరిదాకా చూసింది. "గింత అల్కగ అయ్యేదా బిడ్డా?" అంది. నా దగ్గర జవాబు లేదు. అప్పటికే అమ్మ భుజం కీలు బిగుసుకుపోయింది. ముందే తీసుకురావాల్సింది అన్నారు డాక్టరు.

అమ్మకిప్పుడు ఎనభై దాటాయి. కుడి చెయ్యి భుజం ఎత్తుకు లేవదు. జడ నా భార్య వేస్తుంది, తలస్నానం రోజు నీళ్లు నేను పోస్తాను. నీళ్లు పోస్తున్నప్పుడు ఆ భుజం ఎముక చేతికి తగులుతుంది. అరుగు మీద నన్ను నమ్మినవాళ్లలో ఇద్దరి ఇళ్లకు వెళ్లి ఈ సంగతంతా చెప్పాను. మిగతావాళ్లు ఎక్కడున్నారో కనుక్కుంటున్నాను.

ఆ 500 కాపీల్లో మా ఇంట్లో మిగిలినవి 60. మిగతావి ఆలేరు, చౌటుప్పల్, భువనగిరి వైపు పంచాను. మీ ఇంట్లో ఒకటి ఉంటే, అమ్మ చెయ్యి గురించి రాసిన ఆ పేజీని దయచేసి కొట్టేయండి. అది అలిసిపోయిన చెయ్యి.