పోయినవారికి కత్తి కట్టడం

పోయిన నాయకుల మధ్య తగాదా పెట్టి, బతికున్నవాళ్ళు చుట్టూ చేరి పందెం కాయడం భారత రాజకీయాల్లో స్థిరపడిన కుటీర పరిశ్రమ. పెట్టుబడి పెద్దగా అక్కర్లేదు. ఒక సెల్‌ఫోను, రెండు నలుపు తెలుపు ఫొటోలు, చదవని చరిత్ర మీద గట్టి నమ్మకం ఉంటే చాలు. తయారయ్యే సరుకులో సింహభాగం నెహ్రూ-పటేల్ జోడీదే. ‘పటేల్ ప్రధాని అయ్యుంటే’ అని మొదలై, కాశ్మీరు, చైనా, హైదరాబాదు చుట్టి వచ్చి, చివరికి పెట్రోలు ధర దగ్గర ఆగే సందేశం తెలుగు కుటుంబాల వాట్సాప్ గ్రూపుల్లో పొద్దున్నే శుభోదయం పూలగుత్తి వెనకాలే వచ్చి పడుతుంది. భీమవరం పక్క సంక్రాంతి బరిలో కత్తి కట్టేది ఆసామి, తెగేది పుంజు మెడ, నోట్లు లెక్కపెట్టుకునేది మరొకడు. ఇక్కడి ఏర్పాటూ అదే. పైగా పటేల్ 1950లో, నెహ్రూ 1964లో కన్నుమూశారు గనక మాకీ పందెం వద్దని చెప్పే అవకాశం ఇద్దరికీ లేదు.

ఈ పరిశ్రమలో రెండు బడులున్నాయి. జన్మవైరం బడి లెక్కన ఇద్దరూ బద్ధశత్రువులు, ఒకరు దేశాన్ని కట్టారు, మరొకరు కూల్చారు. రామలక్ష్మణుల బడి లెక్కన వాళ్ళ మధ్య పొరపొచ్చాలే లేవు, ఉన్నాయన్నవాడు దేశద్రోహి. మొదటి బడికి ఓట్లు కావాలి, రెండో బడికి పరువు కావాలి. కాయితాలు తిరగేసే తీరిక రెంటికీ లేదు. కాయితాలు దొరకవని కాదు. పటేల్ 1945-50 మధ్య నడిపిన ఉత్తర ప్రత్యుత్తరాలు దుర్గాదాస్ సంపాదకత్వంలో పది సంపుటాలుగా వచ్చాయి. తగాదాలన్నీ తేదీలతో సహా అందులోనే ఉన్నాయి. పది సంపుటాలను ఒక ఫార్వర్డులో ఇరికించలేకపోవడం ఒక్కటే చిక్కు.

జన్మవైరం బడికి మూలస్తంభం 1946. ఆ ఏడు కాంగ్రెసు అధ్యక్షుడయ్యేవాడికే వైస్రాయి నుంచి ప్రభుత్వం ఏర్పాటు చేయమని పిలుపు వస్తుందని అందరికీ తెలుసు. ప్రాంతీయ కాంగ్రెసు సంఘాల్లో ఎక్కువ భాగం పటేల్ పేరు పంపాయి. గాంధీ మొగ్గు నెహ్రూ వైపు. నెహ్రూ పేరు మీద సంతకాలు సేకరించే పని ఆచార్య కృపలానీ చేశారు, పటేల్ తప్పుకున్నారు. ఇంతవరకు ఫార్వర్డు చెప్పేది నిజమే. సంఘాల మాట పక్కన పెట్టి గాంధీ మాట నెగ్గించుకోవడం ప్రజాస్వామ్యానికి అంత శోభనిచ్చే విషయం కాదన్నదీ నిజమే. కథ అక్కడ ఆగిపోవడంతోనే పేచీ. అప్పటికి పటేల్‌కు 70 ఏళ్ళు, నెహ్రూకు 56. పదవి ‘దోపిడీకి గురైన’ మనిషి ఆ తర్వాత నాలుగేళ్ళు అదే మంత్రివర్గంలో హోంశాఖ, సంస్థానాల శాఖ, స్వాతంత్ర్యం వచ్చాక ఉపప్రధాని పదవి మోశారు. సొంత మనిషి నోట్లో నాలుక లేనివాడని చెబితే తప్ప నిలబడని వాదం అది. పటేల్ గురించి ఎవరైనా అనగలిగిన మాటల్లో ఇంతకన్నా హాస్యాస్పదమైనది లేదు.

అసలు తగాదా చూడాలంటే అజ్మీరుకు వెళ్ళాలి. 1947 డిసెంబరులో అక్కడ మతకల్లోలం జరిగింది. నెహ్రూ స్వయంగా బయల్దేరబోయి, బంధువు మరణంతో ఆగిపోయి, తన కార్యదర్శి హెచ్.వి.ఆర్. అయ్యంగారును పంపారు. ఆయన వెళ్ళి అధికారులను కలిసి, వీధులు తిరిగి, పరిస్థితి చూసి వచ్చాడు. అజ్మీరు చీఫ్ కమిషనరుకు కడుపు మండింది. హోంశాఖ కింద పనిచేసే నన్ను తనిఖీ చేయడానికి ప్రధాని దగ్గరి గుమాస్తానా అన్నది ఆయన బాధ. ఆ బాధ పటేల్ దగ్గరికి చేరింది. పటేల్ నెహ్రూకు రాశారు, నెహ్రూ బదులు రాశారు. ఏ శాఖలోనైనా, ఎక్కడికైనా వెళ్ళి చూసే హక్కు, మనిషిని పంపే హక్కు ప్రధానికి లేకపోతే ఆ కుర్చీ ఎందుకన్నది నెహ్రూ వాదన. మంత్రుల్లో ప్రధాని మొదటివాడే గాని మిగతా మంత్రుల మీద అధికారి కాడన్నది పటేల్ వాదన. ఒకరి మనసు మార్చడం ఇంకొకరి వల్ల కాలేదు. 1948 జనవరిలో ఇద్దరూ చెరో నోటు రాసి గాంధీకి ఇచ్చారు. తప్పుకోవడానికి ఇద్దరూ సిద్ధపడ్డారు.

అంటే స్వతంత్ర దేశం పుట్టి ఆరు నెలలు తిరగకుండానే దాని ఇద్దరు పెద్దలు రాజీనామా మాట దాకా వెళ్ళారు. రామలక్ష్మణుల బడి ఈ పేజీని అంటించేస్తుంది. జన్మవైరం బడి ఈ పేజీని చింపి తెచ్చుకుంటుంది గానీ, తగాదా దేని మీదో చెప్పదు. చెబితే ఇబ్బంది. ప్రధాని కార్యాలయం మంత్రుల నెత్తిన కూర్చోకూడదన్నది పటేల్ పక్షం. ఢిల్లీలో ఏ పార్టీ గద్దె మీదున్నా ఆ కార్యాలయపు ఫోను మోగితే మంత్రులు లేచి నిలబడే రోజుల్లో, పటేల్ విగ్రహానికి దండ వేసేవాళ్ళు ఆ నోటు చదవకపోవడమే క్షేమం.

తీర్పు చెప్పే పని గాంధీ మీద పడింది. 1948 జనవరి 30 సాయంత్రం నాలుగింటికి పటేల్, కూతురు మణిబెన్‌తో బిర్లా భవనానికి వచ్చారు. మాటలు ఐదు దాటాయి. ప్రార్థనకు ఆలస్యమవుతోందని పక్కనున్న ఆడపిల్లలు కంగారు పడ్డారు. ఇద్దరూ మంత్రివర్గంలో ఉండి తీరాలన్నది గాంధీ పటేల్‌తో చెప్పిన చివరి మాటల సారం. నెహ్రూ, ఆజాద్ ఏడింటికి రావలసి ఉంది. వాళ్ళతో మాట్లాడే వేళకు గాంధీ లేరు. ఆ రాత్రి రేడియోలో నెహ్రూ, పటేల్ ఒకరి వెనక ఒకరు మాట్లాడారు. నాలుగు రోజులకు నెహ్రూ పటేల్‌కు ఉత్తరం రాశారు. మన గురించి నడుస్తున్న గుసగుసలు బాధిస్తున్నాయని, బాపు పోయాక ఇద్దరం కలిసి నడవాలని దాని సారాంశం. రెండు రోజుల్లో పటేల్ అంతే ఆర్ద్రంగా బదులిచ్చారు. నెల తిరక్కుండా మార్చిలో పటేల్‌కు గుండెపోటు వచ్చింది.

దాంతో తగాదాలు తీరిపోయాయని చెబితే అది రామలక్ష్మణుల బడికి దాసోహం అనడమే. 1949లో తొలి రాష్ట్రపతి ఎవరన్న ప్రశ్న లేచింది. నెహ్రూకు రాజాజీ కావాలి. పటేల్‌కూ, పార్టీలో చాలామందికీ రాజేంద్రప్రసాద్ కావాలి. సెప్టెంబరులో నెహ్రూ, రాజాజీయే ఉండాలని తానూ వల్లభ్‌భాయీ అనుకున్నామని రాజేంద్రప్రసాద్‌కు రాసేశారు. వల్లభ్‌భాయి అలా అనుకోలేదు. రాజేంద్రప్రసాద్ నొచ్చుకుని నిలదీశారు. ఆ ఉత్తరంతో వల్లభ్‌భాయికి ప్రమేయం లేదని నెహ్రూ ఒప్పుకోవలసి వచ్చింది. ప్రధాని అబద్ధం దొరికిపోయింది, అది కూడా రాతపూర్వకంగా. చివరికి రాజేంద్రప్రసాదే రాష్ట్రపతి అయ్యారు. ఆయన 1951లో నెహ్రూ వద్దంటున్నా సోమనాథ ఆలయ ప్రతిష్ఠకు వెళ్ళారు, హిందూ కోడ్ బిల్లుకు అడ్డం చెప్పారు, అయినా నెహ్రూ ప్రధానిగా ఉండగానే పన్నెండేళ్ళు రాష్ట్రపతి భవనంలో ఉన్నారు.

1950లో కాంగ్రెసు అధ్యక్ష ఎన్నిక. పటేల్ అండతో పురుషోత్తమదాస్ టాండన్, నెహ్రూ అభిమతానికి దగ్గరగా కృపలానీ పోటీ పడ్డారు. టాండన్ గెలిచారు. అదే ఏడు ఏప్రిల్లో రెండు దేశాల్లోని అల్పసంఖ్యాకుల రక్షణ మీద నెహ్రూ-లియాఖత్ ఒప్పందం కుదిరింది. దానికి నిరసనగా శ్యామాప్రసాద్ ముఖర్జీ మంత్రి పదవి వదిలేశారు. ఆ ఒప్పందం పటేల్‌కూ పెద్దగా రుచించలేదు. అయినా కలకత్తా వెళ్ళి, మండిపడుతున్న బెంగాలీల ముందు దాన్ని సమర్థించింది ఆయనే. టాండన్ గెలిచిన కొద్ది వారాలకు, అక్టోబరు 2న ఇండోరులో నెహ్రూయే మన నాయకుడని, బాపు ఆజ్ఞ మీరే సైనికుణ్ణి కానని ప్రకటించింది కూడా ఆయనే. జన్మవైరం బడి పాఠ్యపుస్తకంలో కలకత్తా, ఇండోరు పటంలోనే ఉండవు.

టిబెట్టు, చైనాల మీద 1950 నవంబరు 7న పటేల్ రాసిన ఉత్తరం మాత్రం ఆ బడికి వేదం. ఆ ఉత్తరం నిజమైనదే. హెచ్చరికా సరైనదేనని 1962 తేల్చింది. అయితే దాన్ని రాసింది ప్రతిపక్ష నాయకుడు కాదు, ఉపప్రధాని. ఐదు వారాల్లో చనిపోబోతున్న రోగి. మీ విదేశాంగ విధానం గుడ్డిదని ప్రధానికి పేజీలకు పేజీలు రాసిన మనిషి అదే మంత్రివర్గంలో కొనసాగగలిగాడు. ఉత్తరాన్ని ఫార్వర్డు చేసే నాయకుల్లో ఒక్కడైనా తన అధినేతకు అందులో పదో వంతు ఘాటుగా రాసి, సాయంత్రానికి పార్టీ టికెట్టు నిలుపుకోగలడా అన్నది ఎవరూ వేయని ప్రశ్న. అధినేత ఇంటి గేటు దగ్గర పొద్దున ఆరింటినుంచి బొకే పట్టుకుని నిలబడడమే రాజకీయంగా పెరిగినవాడికి, భిన్నాభిప్రాయం రాతలో కనిపిస్తే అది పగ తప్ప మరొకటిగా తోచదు. పాపం, అతనికి వేరే నమూనా తెలియదు.

తెలుగునాట ఈ పరిశ్రమకు ప్రత్యేక శాఖ ఉంది. అది సెప్టెంబరు 17న తెరుచుకుంటుంది. 1948లో ఆ రోజు నిజాం లొంగిపోయాడు. దానికి ఒక పార్టీ విమోచన దినమని, ఇంకొకటి విలీన దినమని, మరొకటి సమైక్యతా దినమని పేరు పెట్టింది. 2024లో తెలంగాణ ప్రభుత్వం ప్రజాపాలన దినోత్సవం అంది. పేరు ఏదైనా ఉపన్యాసం ఒకటే: పటేల్ సైన్యాన్ని పంపారు, నెహ్రూ అడ్డుపడ్డారు. త్వరగా కదలాలని పటేల్ ఒత్తిడి చేసిన మాట, అంతర్జాతీయ పరిణామాలను చూసి నెహ్రూ వెనకాముందాడిన మాట వాస్తవం. ప్రధాని కాదంటే సైన్యం షోలాపూరు దాటేది కాదన్నదీ వాస్తవమే. నిజంగా కటువైన భేదం ఆ తర్వాత వచ్చింది. సైనిక చర్య వెనకాల జరిగిన హత్యాకాండను చూసి రమ్మని నెహ్రూ పండిత్ సుందర్‌లాల్ బృందాన్ని పంపారు, పటేల్‌కు అది గిట్టలేదు, నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు. దీని ఊసు ఏ వేదికా ఎత్తదు. ఇందులో ఇద్దరు పెద్దలతో పాటు చచ్చిన జనం కూడా ఉన్నారు, జనం ఫ్లెక్సీలో పట్టరు. హైదరాబాదు నగరం మాత్రం పంపకం చేసేసింది: బహదూర్‌పురా జంతుప్రదర్శనశాలకు నెహ్రూ పేరు, శివరాంపల్లి పోలీసు అకాడమీకి పటేల్ పేరు. రెంటికీ మధ్య ఆటో ప్రయాణం.

గిరాకీ లేని తగాదాలను ఈ పరిశ్రమ ముట్టదు. టంగుటూరి ప్రకాశం, రాజాజీల వైరం దేనికీ తీసిపోదు. 1937లో రాజాజీ మంత్రివర్గంలో ప్రకాశం రెవిన్యూ మంత్రి. 1946లో మద్రాసుకు రాజాజీ కావాలని అధిష్ఠానం పట్టుబట్టినా శాసనసభ్యులు ప్రకాశాన్ని గెలిపించారు, ఏడాది తిరక్కుండా వాళ్ళే దింపేశారు. 1951లో ప్రకాశం కాంగ్రెసు వదిలి, కృపలానీ పెట్టిన కొత్త పార్టీలో చేరారు. 1952లో మద్రాసు గవర్నరు ప్రకాశం కూటమిని పక్కన పెట్టి, ప్రభుత్వ ఏర్పాటుకు రాజాజీని పిలిచాడు. 1953 అక్టోబరు 1న అదే ప్రకాశం, కాంగ్రెసు మద్దతుతో ఆంధ్ర రాష్ట్ర తొలి ముఖ్యమంత్రి. ఇంత కథ ఉండి ఒక్క ఫార్వర్డూ లేదు, ఎందుకంటే దీంతో ఏ వార్డులోనూ ఓటు పడదు.

రాజాజీ 1959లో స్వతంత్ర పార్టీ పెట్టి నెహ్రూ ఆర్థిక విధానాన్ని ఉతికి ఆరేశారు, పార్టీ అధ్యక్షుడిగా మన ఎన్.జి. రంగా. నెహ్రూ పోయినప్పుడు తనకన్నా పదకొండేళ్ళు చిన్నవాడైనా దేశానికి తనకన్నా ఎన్నో రెట్లు ముఖ్యుడని రాసిందీ ఆ రాజాజీయే. కృపలానీ మరీ విచిత్రం. 1946లో నెహ్రూ పేరు మోసిన ఆయన 1963 ఆగస్టులో లోక్‌సభలో తొలి అవిశ్వాస తీర్మానం పెట్టారు, నెహ్రూ ప్రభుత్వం మీదే. తీర్మానం 62-347 ఓట్లతో వీగిపోయింది. రెండు నెలలు తిరక్కుండా ఆయన భార్య సుచేతా కృపలానీ కాంగ్రెసు తరఫున ఉత్తరప్రదేశ్ ముఖ్యమంత్రి అయ్యారు. ఆ ఇంట్లో కాఫీ వేళ ఏం మాట్లాడుకునేవారో ఊహించుకోవచ్చు.

రామలక్ష్మణుల బడి ఖాతా కూడా ఖాళీగా లేదు. 1955లో నెహ్రూ ప్రధానిగా ఉండగానే భారతరత్న అందుకున్నారు. అది తన చొరవేనని రాజేంద్రప్రసాద్ చెప్పుకున్నారు. పటేల్‌కు అదే బిరుదు పోయిన నలభై ఏళ్ళకు, 1991లో, రాజీవ్ గాంధీతో కలిపి వచ్చింది. తమ్ముణ్ణి అంతకాలం గుమ్మంలో నిలబెట్టిన రాముడి పార్టీ, ఇప్పుడు మా పటేల్‌ను ఎత్తుకుపోయారని గోల పెడుతోంది. ఎత్తుకుపోయినవాళ్ళు 2018లో ఆయనకు 182 మీటర్ల విగ్రహం కట్టి, అందులో ఒక్క మీటరైనా నెహ్రూకు తగలకుండా జాగ్రత్త పడ్డారు.

ప్రస్తుతం బరిలో పైచేయి పటేల్-బోసు జోడీది. ఇద్దరినీ ఒకే ఫ్లెక్సీ మీద భుజం భుజం కలిపి నిలబెట్టి, నెహ్రూ ఇద్దరికీ అన్యాయం చేశాడని రాస్తారు. నిజానికి పటేల్ అన్న విఠల్‌భాయి వీలునామాలో బోసుకు రాసిన సొమ్ము చెల్లదని బొంబాయి హైకోర్టులో కొట్లాడి గెలిచింది పటేల్ పక్షం. 1939లో బోసు రెండోసారి కాంగ్రెసు అధ్యక్షుడు కాకుండా మన పట్టాభి సీతారామయ్యను నిలబెట్టినవారిలో ముందున్నదీ పటేలే. 1945లో బోసు సైనికుల తరఫున ఎర్రకోట విచారణలో నల్లకోటు వేసుకున్నది నెహ్రూ. ఫ్లెక్సీ ముద్రించే కుర్రాడికి ఇదంతా అనవసరం. అతనికి అందిన ఆర్డరు ప్రకారం పటేల్, బోసు బొమ్మలు పై మూలల్లో తపాలా బిళ్ళంత ఉండాలి, మధ్యలో చేతులు జోడించిన వార్డు నాయకుడు నిలువెత్తు ఉండాలి.