పైకి టేకు, కడుపులో పీచు

చూసినవాళ్లు నన్ను టేకు అనుకుంటారు. నా ముఖం మీదున్నది టేకు బొమ్మ అచ్చేసిన కాగితం. దాని పైన మెలమైన్ రెజిన్ పొర, గీతలు పడకుండా అందులో అల్యూమినియం ఆక్సైడ్. మిగతా ఒళ్లంతా చెక్కను పీచుచేసి, జిగురు కలిపి అదిమిన హెచ్‌డీఎఫ్. మొత్తం మందం 8 మిల్లీమీటర్లు. మా లామినేట్ నేలపలకల మూలపురుషుడు 1977లో స్వీడన్‌లో, పెర్‌స్టార్ప్ కంపెనీలో పుట్టాడు. నేను మియాపూర్‌లో ఓ మూడో అంతస్తు ఫ్లాట్‌లో, పడగ్గది గోడ నుంచి మూడో వరసలో పడ్డాను.

"ఫైర్‌ప్రూఫ్ సార్, సిగరెట్ పడ్డా మచ్చ పడదు" అన్నాడు షాపతను. సిగరెట్ సంగతి చాలావరకు నిజమే. నా పెట్టె మీద రాసున్నది మాత్రం సీఎఫ్ఎల్-ఎస్1. నాలాంటి పలకను పరిచి, పైనుంచి సెగ కొట్టి, ఒక కొస అంటించి, మంట ఎంత దూరం పాకుతుందో, పొగ ఎంత వస్తుందో అరగంటసేపు చూసి ఇచ్చే యూరప్ తరగతి అది. ఏ నుంచి ఎఫ్ దాకా ఉన్న ఆ వరసలో నాది మూడో అక్షరం. కాలదని అందులో ఎక్కడా లేదు. పైగా సెగ పెట్టింది నా ముఖానికి. నా వీపు సంగతి ఎవరూ అడగలేదు.

ఫిట్టర్ పాత టైల్స్ మీద తెల్ల ఫోమ్ పరుస్తుంటే ఇంటాయన వచ్చాడు. "అన్నా, మంచం పక్కకి ఎక్స్‌టెన్షన్ వైరు కావాలి. బయటికి కనబడొద్దు." ఫిట్టర్ ఫోమ్‌ను బ్లేడుతో చీల్చి, ఆ చీలికలో వైరు తోసి, నన్ను పైన క్లిక్‌మని బిగించాడు. పని బాగా కుదిరిందని ఇద్దరూ మురిసిపోయారు.

రెండు దీపావళులు గడిచాయి. ప్రమిదలూ అగరుబత్తి నుసీ నన్నేం చేయలేకపోయాయి.

డిసెంబరులో బామ్మకి చలి పట్టుకుంది. 2000 వాట్ల హీటరు తెచ్చి, కన్వర్టర్ పిన్ పెట్టి ఆ ఎక్స్‌టెన్షన్ బోర్డుకే తగిలించారు. పొద్దున్నే పిల్లల యూనిఫాంల కోసం 1000 వాట్ల ఇస్త్రీ పెట్టె కూడా దానికే. రెండూ కలిస్తే 13 ఆంపియర్లు. వైరు 6 ఆంపియర్లది. లోడు మించితే కరెంటు ఆపాల్సిన గోడలోని ఎంసీబీ 16 ఆంపియర్లది, దానికి ఇది లెక్కే కాదు, పడలేదు. టైలుకీ నాకూ మధ్య వేడి ఎటుపోతుంది? రోజూ కొంచెం కొంచెం నా వీపు మాడింది. ముఖం మాత్రం టేకులాగే నవ్వుతోంది.

ముందు పసిగట్టింది బామ్మ పాదాలే. "ఒరేయ్, ఇక్కడ నేల వెచ్చగా ఉందేంట్రా?"

"హీటర్ పెట్టాం కదమ్మా."

"హీటరు అటుందిరా!"

నాలుగో రోజు వాసనొచ్చింది. "ప్లాస్టిక్ గిన్నె గానీ స్టవ్ మీద పెట్టావా అమ్మాయ్?" అని వంటింటికేసి అరిచింది. అంతలో గోడవారగా సన్నటి పొగ. కోడలు బకెట్‌తో పరుగెత్తుకొచ్చింది. "నీళ్లొద్దు! ముందు మెయిన్ ఆపు, పిల్లల్ని బయటికి పంపు" అంది బామ్మ. మెయిన్ ఆగింది, పొగా సన్నగిల్లింది. ఇంకాసేపు ఆగుంటే నేనూ అంటుకునేదాన్నే. నా జిగురు కాలితే కార్బన్ మోనాక్సైడ్‌తో పాటు హైడ్రోజన్ సయనైడ్ కూడా వస్తుంది. ఆ గదిలోనే బామ్మ పడక.

మర్నాడు స్కర్టింగ్ ఊడదీసి, ముందు రెండు వరసలూ తీసి నన్ను పైకెత్తారు. ఫోమ్ కరిగి వైరుకి ముద్దలా అంటుకుపోయింది. నా వీపు మీద అరచెయ్యంత బొగ్గు. ఇంటాయన నన్ను తిప్పి ముఖం చూశాడు, మళ్లీ తిప్పి వీపు చూశాడు. ఏం మాట్లాడలేదు. ఎలక్ట్రీషియన్ వచ్చి గోడలోంచి 16 ఆంపియర్ల పాయింటు లాగాడు. అటక మీద మిగిలిన పలకొకటి నా చోట కూర్చుంది. దాని మీద బామ్మ ఇప్పటికీ ఒట్టి పాదాలతో ఆగి ఆగి నడుస్తుంది.

నేనిప్పుడు బాల్కనీలో తులసికుండీ కింద ఉన్నాను. రోజూ పొద్దున చెంబుడు నీళ్లు. అంచులు ఉబ్బుతున్నాయి.